కూతురు నాన్ననే రమ్మంది

కూతురికి నెలలు నిండుతున్నాయని తెలిసి క్రేనక్క ఫ్యాక్టరీలో సెలవు అడిగింది. ఉద్యోగంలో చేరిన తర్వాత ఒకేసారి అన్ని రోజులు అడగడం అదే మొదలు. షెడ్డు ఇన్‌చార్జి ముందు ముఖం చిట్లించాడు. తర్వాత, "మనవడో మనవరాలో వస్తుంటే కాదన్నానంటే మా ఆవిడ నాకు అన్నం పెట్టదు" అని సంతకం పెట్టేశాడు. ఆమె ఆ సాయంత్రం ఇంటికి వస్తూనే ఆ మాట మొగుడితో చెప్పి, మంచం కిందనుంచి పెట్టె లాగి, దాని మీద దుమ్ము తుడవడం మొదలుపెట్టింది.

మర్నాడు కూడా పెట్టె అక్కడే ఉంది. అందులో ఆమె బట్టలు రెండు జతలు సర్దింది. అప్పుడు మొగుడు వంటింట్లోంచి వచ్చి గుమ్మానికి ఆనుకుని నిలబడ్డాడు. చేతులు తడిగా లేకపోయినా తువ్వాలుతో తుడుచుకుంటూనే ఉన్నాడు.

"పాప ఫోన్ చేసింది," అన్నాడు.

"ఏమంటుంది? నొప్పులేమైనా..."

"అదేం లేదు. నన్ను రమ్మంటోంది."

"ఇద్దరం వెళ్దాం. మీరు నాలుగు రోజులుండి వచ్చేద్దురు గాని, నేను ఉంటాను."

"వాళ్ళ ఇల్లు చూశావు గదా, చిన్నది. ఒక్కరికైతే ముందు గదిలో చోటుంటుందట." ఆయన తువ్వాలు భుజాన వేసుకున్నాడు. "నన్ను రమ్మంది."

క్రేనక్క పెట్టెలోంచి తన బట్టలు తీసి మంచం మీద పెట్టింది. "సరే, మీరే వెళ్ళండి," అంది. ఆ తర్వాత పెట్టె మూలలు మళ్ళీ ఒకసారి తుడిచింది. ఎవరు వెళ్ళినా పెట్టె కావాలి గదా.

ఫ్యాక్టరీలో అందరూ ఆమెను క్రేనక్క అనే పిలుస్తారు. వయసులో ఆమెకంటే పెద్దవాళ్ళూ అక్కా అనే అంటారు. పెద్ద పెద్ద బాయిలర్లు తయారుచేసే షెడ్డు అది. షెడ్డు కప్పు కింద, రెండు పక్కల గోడల వెంబడి పట్టాలుంటాయి. ఆ పట్టాల మీద అడ్డంగా ఒక ఇనుప దూలం నడుస్తుంది. దూలానికి ఒక చివర గాజు గది ఒకటి వేలాడుతుంది, ఒక్క మనిషి కూర్చునేంత. పొద్దున ఇనుప నిచ్చెన ఎక్కి ఆ గదిలో కూర్చుంటే, మధ్యాహ్నం భోజనానికి ఒకసారి దిగడం, సాయంత్రం ఇంటికి వెళ్ళడానికి దిగడం. కింద ఉన్నవాళ్ళు ఇనుప డోలులాంటి బాయిలరుకు తాళ్ళు కట్టి కొక్కేనికి తగిలిస్తారు. ఆమె దాన్ని లేపి, మనుషుల తలల మీదుగా కాకుండా దారి చూసుకుంటూ తీసుకెళ్ళి, చెప్పిన చోట దించుతుంది. అంత బరువు నేలకు ఆనినప్పుడు చప్పుడు కాకూడదు. చప్పుడైందంటే పని చెడినట్టే.

ఆమె ఆ పనిలోకి రావడం కూడా అనుకోకుండా జరిగింది. మొగుడు టైలరు. పెళ్ళినాటికి ఆయన దుకాణంలో ఎప్పుడూ నలుగురు ఎదురుచూస్తూ ఉండేవారు. తర్వాత వీధి చివర రెడీమేడ్ బట్టల దుకాణాలు ఒకదాని పక్కన ఒకటి వచ్చాయి. జనం కొత్త బట్టలు కుట్టించుకోవడం మానేసి, కొన్న పాంట్లు పొట్టి చేయించుకోవడానికి మాత్రమే ఆయన దగ్గరికి రావడం మొదలుపెట్టారు. అటువంటి రోజుల్లో పక్కింటామె వచ్చి, ఫ్యాక్టరీలో ఆడవాళ్ళకు క్రేన్ నడపడం నేర్పి తీసుకుంటున్నారని చెప్పింది. చెప్పినావిడ నవ్వుతూనే చెప్పింది. విన్నామె నవ్వలేదు.

"నీకు ఎత్తంటే భయం లేదూ?" అని అడిగాడు మొగుడు.

"మేడ మీద బట్టలు ఆరేస్తున్నాను గదా రోజూ," అంది.

ఆమెతో పాటు ఇంకో ఇద్దరు చేరారు. ఒకామెకు పైకి ఎక్కగానే కళ్ళు తిరిగాయి. ఇంకొకామెకు పెళ్ళి కుదిరింది, పెళ్ళివారు వద్దన్నారు. చివరికి ఆ గాజు గదిలో ఈవిడ ఒక్కతే మిగిలింది.

మొదట్లో చాలా కష్టపడింది. ఆడవాళ్ళ బాత్రూము ఆఫీసు భవనంలో ఉండేది. నిచ్చెన దిగి, షెడ్డు దాటి, అంత దూరం వెళ్ళి తిరిగొచ్చేసరికి కింద పని ఆగిపోయేది, మగవాళ్ళు ఒకళ్ళ ముఖాలు ఒకళ్ళు చూసుకునేవాళ్ళు. అందుకని ఆమె పొద్దున్నే నీళ్ళు తాగడం మానేసింది. అది అలవాటైపోయి, సెలవు రోజుల్లో కూడా మధ్యాహ్నం దాకా దాహం వేయడం మానేసింది.

పైన కూర్చుంటే మాట్లాడేవాళ్ళు ఉండరు. షెడ్డులో సుత్తుల మోతకు, వెల్డింగు చప్పుడుకు కింది మాట పైకి రాదు, పైమాట కిందికి పోదు. ఆమెకు కనిపించేవి తలలే. ఎవరి పాపిడి ఎటుందో, ఎవరి బట్టతల ఎంతవరకు వచ్చిందో ఆమెకు తెలిసినంతగా వాళ్ళ పెళ్ళాలకు కూడా తెలియదు. కింద నిలబడి ఆమెకు దారి చెప్పేది ఒక ముసలి మేస్త్రీ. చూపుడు వేలు పైకి పెట్టి గుండ్రంగా తిప్పితే లేపమని, కిందికి తిప్పితే దించమని, అరచెయ్యి అడ్డంగా చాపితే ఆగమని. ఏళ్ళ తరబడి వాళ్ళిద్దరి మధ్యా నడిచిన మాటలన్నీ అవే. ఆయన రిటైరైన రోజు షెడ్డులో టీలు, బిస్కెట్లు ఇచ్చారు. ఆమె కిందికి దిగి ఆయన ఎదురుగా నిలబడింది. దగ్గరనుంచి చూస్తే ఆయన అంత పొట్టి మనిషని ఆమెకు ఆ రోజే తెలిసింది. కాసేపు చూసి ఆయన వేలు కిందికి పెట్టి మెల్లగా తిప్పాడు. నెమ్మదిగా దించమని. ఇద్దరూ నవ్వారు. ఆయన ఇంటికి వెళ్ళిపోయాడు.

ఆమె ఉద్యోగంలో చేరేటప్పటికి పాపకు మూడేళ్ళు. "నువ్వు పని నేర్చుకునే దాకా కొన్నాళ్ళు నేను ఇంట్లో ఉంటాలే," అన్నాడు మొగుడు. దుకాణం తాళం వేసి, కుట్టు మిషను ఇంటికి తెచ్చి కిటికీ పక్కన పెట్టుకున్నాడు. ఆ కొన్నాళ్ళు అలా అలా సాగిపోయాయి. ఆయనకు ఇంటి పని బాగానే అబ్బింది. నిజానికి, చాలామంది ఆడవాళ్ళకంటే బాగా అబ్బింది. ఒకసారి అత్తగారు చూడ్డానికి వచ్చి, కొడుకు గిన్నెల ముందు కూర్చుని ఉండటం చూసి కళ్ళు ఒత్తుకుంది.

"నా కొడుకు చేతికి సూది ఇస్తే గీత గీసినట్టు కుట్టేవాడు. ఇప్పుడు అంట్లు తోముతున్నాడు," అంది.

"ఇవీ గీత గీసినట్టే తోముతున్నానమ్మా, చూడు," అని ఆయన ఒక గిన్నె ఎత్తి చూపించాడు. ఆవిడ మర్నాడే వెళ్ళిపోయింది.

పాప నాన్న కూచి అయింది. అందులో ఎవరి తప్పూ లేదు. లేవగానే ఎదురుగా ఉండేది ఆయనే, బడికి దింపేది ఆయనే, పడితే ఊదేది ఆయనే. క్రేనక్క సాయంత్రం వచ్చేసరికి పాప తిని, చదువుకుని, ఆ రోజు చెప్పాల్సిన కబుర్లన్నీ చెప్పేసి ఉండేది. "ఇవాళ బళ్ళో ఏం జరిగింది?" అని తల్లి అడిగితే, "నాన్నకు చెప్పాను," అనేది. ఒకసారి సెలవు రోజున తల్లి జడ వేయబోతే కాసేపు ఓర్చుకుని, తర్వాత దువ్వెన లాక్కుని తండ్రి దగ్గరికి వెళ్ళింది. "అమ్మ లాగేస్తోంది. నువ్వైతే చిక్కు ముందు కిందనుంచి తీస్తావు," అంది. ఆయన ఇబ్బందిగా భార్య వంక చూసి దువ్వెన అందుకున్నాడు. ఆమె ఎదురుగా కూర్చుని చూసింది. నిజమే, ఆయన కిందనుంచి తీశాడు.

ఇంకోసారి బళ్ళో తల్లిదండ్రుల సమావేశానికి ఆమె పట్టుబట్టి వెళ్ళింది. టీచరు ఎంతో మర్యాదగా కుర్చీ చూపించి, "మీరు పాపకు పిన్నా, మేనత్తా?" అని అడిగింది.

పాపకు పన్నెండో ఏడు నడుస్తున్నప్పుడు జరిగింది మాత్రం ఆమె ఎప్పుడూ మరిచిపోలేదు. ఆ సాయంత్రం ఇంటికి వచ్చేసరికి పాప ముడుచుకుని పడుకుని ఉంది. పొట్ట మీద వేణ్ణీళ్ళ సీసా ఉంది. జ్వరమేమోనని నుదురు తాకి చూసింది. మొగుడు పక్కకు పిలిచి, గొంతు తగ్గించి చెప్పాడు. బళ్ళోనే మొదలైందట. టీచరు, అమ్మకు ఫోన్ చేద్దామా అంటే, నాన్నకు చేయండి అందట. ఈయన మందుల దుకాణానికి వెళ్ళి, కావలసింది అడిగి తెచ్చి, ప్యాకెట్టు మీద రాసి ఉన్నదంతా బాత్రూము తలుపు బయట నిలబడి గట్టిగా చదివి వినిపించాడట.

"నాకు ఫోన్ చేయొచ్చు గదా," అంది ఆమె.

"నువ్వు పైన ఉంటావు గదా. నీ ఫోను కింద లాకర్లో ఉంటుంది."

అదీ నిజమే. ఆమె వెళ్ళి పాప పక్కన కూర్చుంది. "నొప్పిగా ఉందా?" అని అడిగింది.

"నాన్న మాత్ర ఇచ్చాడు," అంది పాప. అని గోడ వైపు తిరిగింది. కోపంతో కాదు, నిద్ర వచ్చి.

అట్లా పెరిగిన పిల్ల చదువుకుంది, నీళ్ళ నాణ్యత పరీక్షించే ల్యాబులో ఉద్యోగం తెచ్చుకుంది, తనకు నచ్చినవాణ్ణి చేసుకుని వేరే ఊళ్ళో కాపురం పెట్టింది. కాన్పుకు తల్లిని కాకుండా తండ్రిని రమ్మంది.

మొగుడు వెళ్ళాక క్రేనక్కకు తన ఇల్లు తనకే కొత్తగా కనిపించింది. ఇన్నేళ్ళూ ఆ ఇంట్లో ఆమె కూర్చుంటే కంచం ఎదురుగా వచ్చేది. బట్టలు ఉతికి, మడత పెట్టి, ఇస్త్రీ వాసనతో అరలో ఉండేవి. ఇప్పుడు ఉప్పు ఎక్కడుందో వెతుక్కోవలసి వచ్చింది. డబ్బాలన్నీ ఒకే రకానివి, మూత తీస్తే గాని లోపలేముందో తెలియదు. ఆయనకు మాత్రం కళ్ళు మూసుకున్నా తెలిసేది.

సాయంత్రం ఆయన ఫోన్ వచ్చేది. మొదటి రెండు వాక్యాలు పాప గురించి, తర్వాతవన్నీ ఇంటి గురించి.

"పాలు కాచావా?"

"పొంగిపోయాయి."

"మంట తగ్గించాలి గదే. సరే, గట్టు తుడవడానికి గుడ్డ కిటికీ దగ్గర ఉంటుంది. ఎర్రది కాదు, నీలంది."

"నీలంది దొరకలేదు. ఎర్రదానితో తుడిచేశాను."

"పోనీలే," అనేవాడు, పెద్ద నష్టాన్ని క్షమించినట్టు.

మనవడు పుట్టాడని ఆమెకు మధ్యాహ్నం భోజనం వేళ తెలిసింది. లాకరు తెరిచి చూస్తే ఫోనులో ఫోటో ఉంది. ముడతల ముఖం, మూసిన కళ్ళు. బిడ్డ ఉన్నది ఆయన చేతుల్లో. ఆ చేతులు ఎవరివో చెప్పనక్కర్లేదు, సూదులు గుచ్చుకుని గుచ్చుకుని గట్టిపడిన వేళ్ళు అవి. ఆమె ఆ ఫోటోను పక్క బల్ల మీద తింటున్న వెల్డర్లకు చూపించింది. "అమ్మమ్మవయ్యావు అక్కా, మరి నువ్వు ఇక్కడున్నావేమిటి?" అని ఒకడు అడిగాడు. అడిగినవాడి మనసులో ఏమీ లేదు. "ఆయన ఉన్నాడు గదా," అని టిఫిను మూత పెట్టి ఆమె మళ్ళీ నిచ్చెన ఎక్కింది.

వీధిలో ఆడవాళ్ళు మాత్రం ఊరుకోలేదు. కూరగాయల బండి దగ్గర ఒకావిడ, "తల్లీకూతుళ్ళకు మాటల్లేవా ఏమిటి?" అని నెమ్మదిగా ఆరా తీసింది. "ఉన్నాయి, తక్కువ," అంది క్రేనక్క. అంతకంటే సరైన జవాబు ఆమెకు తోచలేదు.

తీసుకున్న సెలవు రద్దు చేసుకుంది గాని, బిడ్డకు మూడో నెల వచ్చాక కొద్ది రోజులు అడిగి తీసుకుని వెళ్ళింది. స్టేషనుకు అల్లుడు వచ్చి సంచీ అందుకున్నాడు. "రండత్తయ్యా, ప్రయాణం బాగా జరిగిందా," అన్నాడు. మంచివాడు, అతి మర్యాద.

ఆ ఇంట్లో అందరికీ అన్నీ అలవాటైపోయి ఉన్నాయి. పొద్దున బిడ్డకు స్నానం. మొగుడు చేతులు మోచేతుల దాకా మడుచుకుని నీళ్ళ వేడి మణికట్టు మీద చూసేవాడు. అల్లుడు పక్కన నిలబడి నేర్చుకునేవాడు. "మెడ కింద చెయ్యి పెట్టు నాయనా. ఆఁ, అట్లా. భయపడితే వాడికి తెలిసిపోతుంది," అని ఈయన చెబుతుండేవాడు. కూతురు మంచం మీంచి చూస్తూ నవ్వుతుండేది. క్రేనక్క లేచి ఏదైనా అందుకోబోతే ఎవరో ఒకరు, అలిసిపోయి వచ్చింది గదా అని కూర్చోమనేవారు. కుర్చీ ఒకటి ఆమె కోసం కిటికీ దగ్గర వేశారు. ఆ కుర్చీలో చాలాసేపు కూర్చుంది. క్రేను పైనుంచి తలలే చూసే మనిషికి ఇక్కడ తన వాళ్ళంతా ముఖాలతో సహా కనిపిస్తూ ఉన్నారు, అయినా వెళ్ళి చేరడానికి చోటు కనిపించలేదు.

ఒక సాయంత్రం బిడ్డను అడిగి ఎత్తుకుంది. అంతంత ఇనుమును చప్పుడు కాకుండా దించే చేతులు బిడ్డ మెడ కింద ఎక్కడ ఆనాలో వెతుక్కున్నాయి. బిడ్డ కాసేపు ఆమె మెడలో గొలుసును చూసి, తర్వాత పెదవి విరిచి ఏడుపు అందుకున్నాడు. మొగుడు వెంటనే వచ్చి చేతులు చాపాడు. "ఇలా ఇవ్వు." ఆమె ఒక్క క్షణం ఇవ్వలేదు. బిడ్డను భుజానికి ఆనించుకుని గదిలో అటూ ఇటూ తిరిగింది. ఏడుపు పెరిగింది. అప్పుడు ఇచ్చేసింది. ఆయన భుజం మీద వాడు ఊరుకున్నాడు.

వెళ్ళిపోయే ముందు రోజు మగవాళ్ళిద్దరూ బజారుకు వెళ్ళారు. బిడ్డ నిద్రపోతున్నాడు. తల్లీకూతుళ్ళు ఎదురెదురుగా కూర్చుని బిడ్డ బట్టలు మడత పెడుతున్నారు. అరచేతిలో పట్టేంత చొక్కాలు. తల్లి మడత పెట్టినవి కూతురు మెల్లగా విప్పి మళ్ళీ మడత పెడుతోంది. క్రేనక్క అది చూసింది.

"నన్నెందుకు రమ్మనలేదే?" అని అడిగింది.

కూతురు తల ఎత్తింది. "నీకు సెలవు దొరకదు గదమ్మా."

"దొరికింది. పెట్టె కూడా సర్దుకున్నాను. నాన్న చెప్పలేదా?"

"చెప్పలేదు."

పక్క వాటాలో ఎవరో మిక్సీ వేస్తే ఆ చప్పుడు వచ్చి ఆగిపోయింది.

"చెప్పినా నాన్ననే రమ్మనేదాన్నేమో," అంది కూతురు, చేతిలో బట్టను చూస్తూ. "నీతో అబద్ధం ఎందుకు? నాకు ఒంట్లో బాగాలేనప్పుడల్లా పక్కన నాన్నే ఉన్నాడు. నువ్వుంటే నేను నీకు ఏం కావాలో చూసుకోవాలేమో అనిపించింది. చుట్టాలొస్తే చూసుకుంటాం చూడు, అట్లా."

"సరేలే," అంది తల్లి.

"బాధపడ్డావా?"

"పడ్డాను. నువ్వు చెప్పడమే నయం."

కూతురు చెయ్యి చాపింది గాని, తల్లి చేతి దాకా రాలేదు, మధ్యలో ఉన్న బట్టల మీద ఆగింది. ఈలోగా బిడ్డ లేచాడు.

మర్నాడు స్టేషనులో మొగుడు ఆమె సంచీ సీటు కింద పెట్టి, కిటికీ దగ్గర నిలబడ్డాడు. రైలు కదలడానికి ఇంకా టైముంది.

"నాకు సెలవు దొరికిందని దానికి చెప్పలేదట," అంది ఆమె.

ఆయన ప్లాట్‌ఫారం చివరి దాకా చూశాడు. "చెబితే మొహమాటపడి నిన్ను కూడా రమ్మనేది. ఆ ఇంట్లో ఇద్దరికి చోటు లేదు. నేనే ఉండిపోవాల్సి వచ్చేది మన ఇంట్లో. ఒక్కణ్ణే కూర్చుని ఏం చేయను చెప్పు? పాప పెళ్ళయి వెళ్ళినప్పటినుంచి పగలంతా ఆ గోడల్ని చూస్తూ ఉన్నాను. నీకు అది కనిపించదు, సాయంత్రం వస్తావు." కాస్త ఆగి అన్నాడు, "నీకు క్రేను ఉంది."

ఆమెకు చాలా మాటలు వచ్చాయి. ఒక్కటి కూడా ఆయన మాట కాదనేది లేదు. అంతకుముందు ఎప్పుడూ, ఆమె పనికి వెళ్ళాక ఆయన ఆ ఇంట్లో ఏం చేస్తాడో ఆమె అడగలేదు. ఏం చేస్తాడు, వంట చేస్తాడు అనుకుంది. పూర్వం మగవాళ్ళు ఆడవాళ్ళ గురించి అనుకున్నట్టే.

"మందులు వేసుకోండి," అంది. రైలు కదిలింది.

ఇంటికి వచ్చాక ఆమె ఒక ఆదివారం వంటింట్లో డబ్బాలన్నీ దించి, తనకు అందే ఎత్తులో, తనకు తోచిన వరసలో పెట్టుకుంది. గాజు సీసాలు కొన్ని కొని, లోపలేముందో కనిపించేట్టు పోసుకుంది. ఆ పని చేస్తున్నంతసేపు ఏదో తప్పు చేస్తున్నట్టుగా రెండుసార్లు వీధి తలుపు వైపు చూసింది. పాలు పొంగకుండా కాచడం వచ్చింది. మాట్లాడ్డానికి ఎవరూ లేక రేడియో పెట్టుకోవడం మొదలుపెట్టింది. అది వింటూ తినేది. కొన్నాళ్ళకు రేడియోలో వార్తలు చదివే ఆవిడ దగ్గినా ఆమెకు తెలిసిపోయేది.

కూతురు మళ్ళీ పనిలో చేరింది. చేరిన రోజు మధ్యాహ్నం క్రేనక్క భోజనానికి దిగి లాకరు తెరిస్తే, ఫోనులో కూతురు చేసిన కాల్స్ వరసగా ఉన్నాయి. బిడ్డకేమైనా అయిందేమోనని టిఫిను అక్కడే వదిలేసి షెడ్డు బయటికి వచ్చి ఫోన్ చేసింది.

"ఏమైందే? వాడికి బాగానే ఉందా?"

"వాడు బాగానే ఉన్నాడమ్మా. నేనే." కూతురి గొంతు ఎక్కడో మూసిన గదిలోంచి వస్తున్నట్టుంది. "బాత్రూములో ఉన్నాను. పొద్దున్నించి ఇది మూడోసారి రావడం. ఏడుపు ఆగట్లేదు. నాన్నకు చేస్తే వెనకాల వాడి గొంతు వినిపిస్తుంది, ఇంకా ఏడుపొస్తుంది."

"ఏడువు. తలుపు గడియ పెట్టుకున్నావా?"

"పెట్టుకున్నా." ముక్కు చీదిన చప్పుడు. "నువ్వెలా వెళ్ళావమ్మా? నన్ను వదిలి."

క్రేనక్క షెడ్డు గోడ నీడలో నిలబడింది. ఎవరూ ఎప్పుడూ అడగని మాట అది. ఆమె జవాబు వెతుక్కోలేదు, ఉన్నది ఉన్నట్టు చెప్పింది.

"ఏడుస్తూ వెళ్ళాను. నిచ్చెన ఎక్కేటప్పుడు రెండు చేతులూ కమ్మీలు పట్టుకోవాలి. కళ్ళు తుడుచుకోవడానికి చెయ్యి ఉండదు. పైకి వెళ్ళి కూర్చున్నాకే తుడుచుకునేదాన్ని."

"ఎన్నాళ్ళు?"

"ఎక్కువ రోజులు కాదు. నిజం చెప్పనా? తర్వాత తర్వాత నాకు అక్కడే బాగుండేది. పని నా చేతిలో ఉండేది. పని చేస్తున్నంతసేపు నువ్వు గుర్తొచ్చేదానివి కావు. మన వీధి మలుపు తిరిగాక గుర్తొచ్చేదానివి. అప్పుడు సిగ్గేసేది. పొద్దున్నించి పిల్లను తలుచుకోలేదు, ఇదేం తల్లిని అని. ఆ సిగ్గుతో నీ దగ్గరికి రావడం కూడా..." ఆమె ఆగింది. "నువ్వు నాన్న ఒళ్ళో ఉండేదానివి. అక్కడే బాగున్నావులే అనుకుని కాళ్ళు కడుక్కోవడానికి వెళ్ళిపోయేదాన్ని."

ఎవరో తలుపు తట్టడం, "వస్తున్నా" అని కూతురు అనడం వినిపించింది.

"చిన్నప్పుడు నేనంటే నీకు ఇష్టం లేదనుకునేదాన్ని," అంది కూతురు. ఫిర్యాదు చేసినట్టు కాదు, ఎప్పటిదో ఒక సంగతి చెప్పినట్టు.

"అట్లా అనుకున్నావా," అంది తల్లి. కళ్ళలో నీళ్ళు వచ్చాయి. ఈసారి ఒక చెయ్యి ఖాళీగానే ఉంది గాని తుడుచుకోలేదు.

"నాకూ అట్లాగే అవుతుందా? మర్చిపోవడం?"

"అవుతుంది. తప్పేం కాదు. నాకు చెప్పేవాళ్ళు లేకపోయారు. అయితే ఒకటి చెయ్యి. మలుపు తిరిగాక గుర్తొస్తాడు చూడు, అప్పుడు తిన్నగా వెళ్ళి ఎత్తుకో. ఏడ్చినా ఎత్తుకో. నాన్న అడిగినా వెంటనే ఇవ్వకు."

కూతురు నవ్వింది, ఏడుపు మధ్యలో వచ్చే నవ్వు. "సరే. నువ్వు తిన్నావా?"

"తింటాను."

లోపల గంట మోగింది. తినకుండానే పైకి ఎక్కింది.

ఆ రోజు తర్వాత అంతా మారిపోయిందని చెప్తే అది కథ అవుతుంది. కూతురు అప్పుడప్పుడూ మధ్యాహ్నం వేళ ఫోన్ చేసేది. ల్యాబులో పై అధికారితో చిరాకు, బస్సులో రద్దీ, ప్రమోషను పరీక్ష రాయనా వద్దా అని. పని మాటలే. బిడ్డకు జలుబు చేసినా, పన్ను వచ్చినా మాత్రం ఆ కబుర్లు తండ్రి నోటనే తెలిసేవి. కొన్ని వారాలు అసలు ఫోనే ఉండేది కాదు. అప్పుడు క్రేనక్క తనే చేద్దామని ఫోను చేతిలోకి తీసుకుని, అటు ఏ పనిలో ఉందోనని మళ్ళీ పెట్టేసేది.

బిడ్డకు ఏడాది నిండుతుండగా మొగుడు ఫోన్ చేశాడు. పాలు, గట్టు గుడ్డల సంగతి అడగలేదు.

"వీడు బడికి వెళ్ళే దాకా ఉండమంటున్నారు," అన్నాడు. "అల్లుడూ అడిగాడు. నువ్వేమంటావు?"

"మీకు ఉండాలనుందా?"

"ఉంది," అన్నాడు ఆయన. తర్వాత, "నీకు కష్టమవుతుందేమో," అన్నాడు.

ఆమె రేడియో గొంతు తగ్గించింది. రిటైరవడానికి ఆమెకు ఇంకా రెండేళ్ళున్నాయి. రమ్మంటే వస్తాడు, వచ్చి మళ్ళీ ఆ కిటికీ పక్కన మిషను ముందు కూర్చుంటాడు. పొద్దున ఆమె వెళ్ళాక తలుపు వేసుకుంటాడు. అది ఆమె కళ్ళకు కట్టినట్టు కనిపించింది.

"ఉండండి. నాకేం, బాగానే ఉన్నాను," అంది.

"నిజంగానా?"

"అన్నీ బాగాలేవు. ఉండండి."

ఆ వారం సెలవు రోజున ఆమె బజారుకు వెళ్ళి గిన్నెల దుకాణంలో నిలబడింది. ఇంట్లో ఉన్న గిన్నెలన్నీ ముగ్గురికి సరిపడేవి. ఒక గుప్పెడు బియ్యం వేస్తే అడుగున కనిపించకుండా పోతాయి, అన్నం మాడిపోతోంది. దుకాణదారు రెండు మూడు తీసి చూపించాడు. అవన్నీ పెద్దవే అంది.

"ఇంకా చిన్నదంటే ఒక్కళ్ళకేనమ్మా," అన్నాడు అతను.

"ఒక్కదానికే," అంది ఆమె.

అతను స్టూలు ఎక్కి పై అరలోంచి ఒకటి తీసి, గుడ్డతో తుడిచి ఇచ్చాడు. ఆమె దాన్ని వేలితో తట్టి చూసింది, మూత సరిగా పడుతోందో లేదో చూసుకుంది. కాగితంలో చుట్టి ఇమ్మంది. బయట ఎండ ఇంకా తగ్గలేదు. బస్సులో కిటికీ పక్కన సీటు దొరికింది. పొట్లం ఒళ్ళో పెట్టుకుని, దిగవలసిన చోటు వచ్చేదాకా రోడ్డు మీద నడుస్తున్నవాళ్ళను చూస్తూ కూర్చుంది.